మృగం అరిచేటప్పుడు సంగీతం ఎక్కడుండాలి?

చెన్నై వడపళని, సాలిగ్రామం స్టూడియోల్లో తెలుగు సినిమాలకు ఆర్‌.ఆర్‌. (రీరికార్డింగ్, అంటే నేపథ్య సంగీతం) చేసే కొత్తవాళ్లకు పెద్ద మృగం ఉన్న సీను రాగానే చెయ్యి మంద్రస్థాయికే పోతుంది. డబుల్ బేస్, ట్యూబా, ట్రోంబోన్, వాటి మీద డ్రమ్ములు. విడిగా వింటే గది దద్దరిల్లుతుంది. మిక్సింగులో అరుపు, అడుగుల చప్పుడు తోడవగానే అంతా ముద్దైపోతుంది.

మూడూ ఒకే చోటికి ఎగబడటమే కారణం. అడుగు బరువంతా 80 హెర్ట్జ్‌ కిందే ఉంటుంది. డబుల్ బేస్ మంద్రపు తీగ 41 హెర్ట్జ్. థియేటర్ 5.1 సరౌండ్ సౌండులో సబ్‌వూఫర్ ఛానల్ పలికేదే 120 దాకా. అలాంటప్పుడు సంగీతం ఫేడర్ (వాల్యూం మీట) దించితే సంగీతం నీరసపడుతుందే తప్ప అరుపు తేటపడదు. అడుగు పడే షాట్లలో బేస్ వరసను ఒక స్థాయి పైకి రాయడమే సరైన మందు. సంగీతం రాసేశాక ఈ గొడవ తెలిస్తే, అందులో 80 హెర్ట్జ్ కింద ఉన్నది కోసెయ్యాలి.

నడక లెక్క కూడా ముందే కట్టుకోవాలి. సెకనుకు 24 ఫ్రేములు కాబట్టి 1440ని టెంపోతో (నిమిషానికి ఎన్ని బీట్లో ఆ అంకెతో) భాగిస్తే ఒక బీటుకు ఎన్ని ఫ్రేములో తేలుతుంది. టెంపో 72 అయితే 20. అడుగు 40 ఫ్రేములకోసారి పడితే రెండో బీటు మీద చక్కగా కూర్చుంటుంది. గ్రాఫిక్స్ వాళ్లు ఆఖర్లో దాన్ని 43 చేస్తే నాలుగైదు అడుగులకే తాళం తప్పుతుంది; టెంపో 67కి దించాలి. నడక ఖాయం కాని సీనులో తాళం జోలికే పోవద్దు, దీర్ఘస్వరాలు పట్టుకోండి.

అన్నిటికంటే కష్టం, ఎక్కడ వాయించకూడదో తేల్చుకోవడం. 1975 నాటి ‘జాస్’లో జాన్ విలియమ్స్ రెండు స్వరాల వరస సొరచేప రాకకు గుర్తు. పిల్లలు అట్టతో చేసిన సొర రెక్కతో జనాన్ని హడలెత్తించే సీనులో ఆ వరస వినబడదు. ప్రేక్షకుడు ఆ నియమానికి అలవాటుపడ్డాక, ఓ చోట సంగీతం లేకుండానే అసలు సొర తల పైకెత్తుతుంది. మన సినిమాల్లో ఉత్తుత్తి బెదిరింపులకు కూడా మృగం వరసే వాడేస్తాం. అసలు మృగం వచ్చేసరికి ఆ వరసలో పస ఉండదు.

1954 ‘గాడ్జిల్లా’ అరుపు పుట్టింది డబుల్ బేస్ తీగను వదులు చేసి, తోలు చేతితొడుగుతో రుద్దినప్పుడు. సంగీత దర్శకుడు అకీరా ఇఫుకుబే ఆలోచన అది. అంటే అరుపుకూ వాద్యంలాగే శ్రుతి ఉండొచ్చు. అందుకే అరుపుల ఫైళ్లు సౌండ్ డిజైనర్ దగ్గర ముందే అడిగి తీసుకుని, వాటి శ్రుతి చూసుకున్నాకే వరస కట్టాలి.

చివరగా ఫోనులో వినండి. దాని స్పీకరు 200 హెర్ట్జ్ కింద దాదాపు ఏమీ పలకదు. బేస్‌కు కాస్త శాచురేషన్ (ధ్వనిని కొంచెం గరుకు చేసే ఎఫెక్ట్) ఇస్తే పై హార్మోనిక్స్ (అసలు స్వరానికి రెట్టింపు, మూడింతల ఫ్రీక్వెన్సీలు) పుట్టి, లేని మంద్రాన్ని చెవి ఊహించుకుంటుంది.