తిరువనంతపురం చిత్రోత్సవం 2024: సినిమాని కాదు, థియేటర్ని చూసి ప్లాన్ చేసుకోండి

డిసెంబరులో తిరువనంతపురం వెళ్ళాలంటే ముందు తేల్చుకోవాల్సింది రైలు టికెట్టు. అయ్యప్ప దీక్షల కాలం కాబట్టి సికింద్రాబాదు నుంచి వెళ్ళే శబరి ఎక్స్‌ప్రెస్ నిండా స్వాములే. 29వ కేరళ అంతర్జాతీయ చలనచిత్రోత్సవం డిసెంబరు 13 నుంచి 20 దాకా జరిగింది. ఆ తేదీలకి రిజర్వేషన్ ఆగస్టులోనే మొదలైపోయింది. అప్పటికి 120 రోజుల గడువు ఉండేది, దాన్ని 60 రోజులకి తగ్గించింది నవంబరు 1 నుంచే. శబరిలో బెర్తు దొరక్కపోతే చెన్నై దాకా ఏదో ఒక బండిలో వెళ్ళి, అక్కడ సెంట్రల్‌లో రాత్రి బయల్దేరే తిరువనంతపురం మెయిల్ ఎక్కడం మేలు. శబరిలో వెళ్ళేవాళ్ళకి ఒక సౌకర్యం ఉంది. చెంగన్నూరులో స్వాములంతా ఇరుముడులతో దిగిపోయాక బోగీ ఖాళీ అవుతుంది. అప్పుడు కాళ్ళు చాపుకుని షెడ్యూలు ముందేసుకోవచ్చు.

బస తంపానూరులోనే చూసుకోవాలి. రైల్వే స్టేషను, ఎదురుగా కేఎస్‌ఆర్‌టీసీ బస్టాండు, ఆ పక్కనే కైరళి, శ్రీ, నిళ అనే మూడు తెరలున్న ప్రభుత్వ సముదాయం. న్యూ థియేటరు, ఏరీస్ ప్లెక్స్ కూడా నడిచి వెళ్ళేంత దూరమే. ఉత్సవంలో సగం పైగా ఆటలు ఈ చుట్టుపక్కలే చూసేయొచ్చు. ప్రధాన వేదిక టాగోర్ థియేటరు మాత్రం వళుతక్కాడ్‌లో ఉంది, కళాభవన్ కూడా అటువైపే. రాత్రి ఆటలు పడే నిశాగంధి కనకక్కున్ను ప్యాలెస్ ఆవరణలోని ఆరుబయలు ప్రేక్షకాగారం.

కొత్తగా వెళ్ళేవాళ్ళు దెబ్బతినేది సరిగ్గా ఇక్కడే. సినిమా పేర్లు చూసి, ఉదయం టాగోర్‌లో ఒకటి, మధ్యాహ్నం తంపానూరులో ఒకటి, సాయంత్రం మళ్ళీ టాగోర్‌లో ఒకటి అని గీసుకుంటారు. కాగితం మీద రెండు ఆటల మధ్య అరగంటో ముప్పావుగంటో కనిపిస్తుంది. నిజానికి ఆట కాస్త ఆలస్యంగా మొదలవుతుంది, అయిపోయాక దర్శకుడో దర్శకురాలో వేదికెక్కితే ప్రశ్నలు సాగుతాయి, బయటికొస్తే ఆటో దొరకదు, దొరికినా రోడ్డు కదలదు. అవతలి థియేటర్లో క్యూ అప్పటికే లోపలికి వెళ్ళిపోయి ఉంటుంది. అందుకే పూటని బట్టి ప్రాంతం ఎంచుకోవాలి. పొద్దున మూడు ఆటలు తంపానూరు, సాయంత్రం రెండు వళుతక్కాడ్, లేదా తారుమారు. రోజుకి ఒక్కసారే ప్రాంతం మారాలి. ఈ లెక్కలో నచ్చిన సినిమా ఒకటి పోతుంది, దాని బదులు పేరు వినని సినిమా ఒకటి దొరుకుతుంది. ఈ ఉత్సవంలో అది నష్టమేమీ కాదు.

సినిమాలు చూడటానికి కట్టాల్సిన ప్రతినిధి (డెలిగేట్) రుసుము 2024లో జీఎస్‌టీతో కలిపి 1180 రూపాయలు, విద్యార్థులకి 590 ఉండేది. నమోదు ఆన్‌లైన్‌లోనే, కార్డు మాత్రం మనమే వెళ్ళి టాగోర్‌లో తీసుకోవాలి. ప్రారంభం రోజు ఆ కౌంటరు దగ్గర జనం విపరీతం, ముందురోజే చేరుకుంటే పని సులువు. కార్డుతో పాటు సినిమాల వివరాల పుస్తకం, సంచి ఇస్తారు. పుస్తకం మోయడానికి బరువే, అయినా వదలొద్దు. క్యూలో నిలబడి నిర్ణయాలు మార్చుకునేది దాన్ని చూసే.

సీట్ల రిజర్వేషన్ 2024లో ముందురోజు ఉదయం 8 గంటలకి తెరుచుకునేది. పేరున్న సినిమాలకి నిమిషాల్లో అయిపోతుంది కాబట్టి ఏయే ఆటలు కావాలో రాత్రే రాసి పెట్టుకోవాలి, ముందుగా పోయేదాన్ని ముందు నొక్కాలి. దొరకలేదని గదికి తిరిగి రావద్దు. కొన్ని సీట్లు రిజర్వేషన్ లేనివాళ్ళకి ఉంచుతారు. బుక్ చేసుకుని రానివాళ్ళ సీట్లు కూడా ఈ క్యూకే వస్తాయి. గంట ముందు నిలబడితే మామూలు సినిమాకి సీటు దాదాపు ఖాయం. ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవంలో ఆ ఏడాది మాటల్లో నలిగిన సినిమాకైతే గంట చాలదు. నా అభిప్రాయం అడిగితే అలాంటివాటికి అసలు నిలబడొద్దు. నాలుగు నెలల్లో ఏదో ఒక ఓటీటీలో వచ్చేవాటి కోసం ఇక్కడ రెండు గంటలు ఖర్చు చేసుకుంటే, మళ్ళీ ఎక్కడా దొరకనివి చేజారిపోతాయి.

ఆ ఏడాది ఉత్తమ చిత్రానికిచ్చే సువర్ణ చకోరం దక్కించుకున్న బ్రెజిల్ చిత్రం 'మాలు' అలాంటిదే. దర్శకుడు పెద్రో ఫ్రెయిరె, నటి అయిన తన తల్లి జీవితం మీద తీసిన మొదటి కథాచిత్రం. అమ్మమ్మ, తల్లి, కూతురు ఒకే కప్పు కింద ఉంటూ ఒకరినొకరు వదల్లేరు, భరించనూ లేరు. చిలీ నుంచి వచ్చిన 'ది హైపర్‌బోరియన్స్'లో బొమ్మలూ మనుషులూ కలిసి నటిస్తారు. కథ పట్టుకుందామని కూర్చుంటే చిక్కదు, అట్టముక్కలతో సెట్టు ఎలా కట్టారో చూస్తూ పోతే అద్భుతంగా ఉంటుంది.

ఎక్కువమంది గుండెలకి హత్తుకున్నది మాత్రం ఫాసిల్ మహమ్మద్ తీసిన మలయాళ చిత్రం 'ఫెమినిచ్చి ఫాతిమా'. పొన్నానిలో ఒక గృహిణి, ముగ్గురు పిల్లలు, ఇంట్లో కుర్చీలోంచి లేవకుండా అన్నీ అడిగే భర్త. పిల్లాడు పక్క తడిపిన పరుపుని ఎండలో వేస్తుంది, అది పాడవుతుంది, ఇంకో పరుపు కావాలి. కథంతా ఆ పరుపు చుట్టూనే. ఫాతిమా గొంతెత్తి ఉపన్యాసం ఇవ్వదు. పరుపు కొనుక్కోవడానికి ఎవరి అనుమతి కావాలన్న ప్రశ్న ఒక్కో దృశ్యంలో కొంచెం కొంచెం బిగుస్తుంది. హాల్లో ఆడవాళ్ళు నవ్వే చోట్లు వేరు, మగవాళ్ళు నవ్వే చోట్లు వేరు. ప్రేక్షకుల ఓటు పురస్కారం దానికే వచ్చిందంటే ఆశ్చర్యం లేదు.

ఆ ఏడాది ఉత్సవం మొత్తం మీద స్త్రీల ముద్ర కనిపించింది. జీవితకాల సాఫల్య పురస్కారం హాంకాంగ్ దర్శకురాలు ఆన్ హుయికి, స్పిరిట్ ఆఫ్ సినిమా పురస్కారం మన దర్శకురాలు పాయల్ కపాడియాకి. జ్యూరీకి ఫ్రెంచ్ ఛాయాగ్రాహకురాలు అన్యెస్ గొదార్ నేతృత్వం వహించారు. వాల్టర్ సాలెస్ తీసిన ప్రారంభ చిత్రం 'ఐ యామ్ స్టిల్ హియర్' కూడా, బ్రెజిల్ సైనిక పాలనలో భర్త మాయమైపోతే ఇల్లు నిలబెట్టుకున్న యునీస్ పైవా కథే.

కూర్చునే చోటు గురించి ఒక మాట. ఇంగ్లీషు సబ్‌టైటిళ్ళు తెర అడుగున పడతాయి. వాలు తక్కువున్న హాల్లో మధ్య వరుసలో కూర్చుంటే ముందువాళ్ళ తలలు రెండో లైనుని మింగేస్తాయి. నడవ పక్క సీటు పట్టుకుంటే ఆ బాధ ఉండదు, తర్వాతి ఆటకి ముందుగా బయటపడొచ్చు కూడా. ఏసీ చలికి పల్చటి శాలువా తప్పనిసరి. ఈశాన్య రుతుపవనాలు ఇంకా పోయి ఉండవు కాబట్టి గొడుగూ ఉండాలి.

తిండికి దూరం పోనక్కర్లేదు. బస్టాండు పక్కనే లారీ బేకర్ కట్టిన ఎర్రటి గుండ్రటి ఇండియన్ కాఫీ హౌస్ ఉంది. మెట్లు ఉండవు. ఏటవాలు దారి చుట్లు తిరుగుతూ పైకి వెళ్తుంటే బయటి గోడ పొడుగునా బల్లలు. కింద నిండిపోయిందని వెనక్కి తిరగొద్దు, రెండు చుట్లు ఎక్కితే చోటు ఉంటుంది. తలపాగా పెట్టుకున్న వెయిటరుకి ఆట టైము చెప్తే కట్లెట్, కాఫీ తొందరగా తెచ్చిపెడతారు.

తిరుగు టికెట్టు ఆఖరి రోజుకి తీసుకోకండి. ముగింపు సభ ఆ సాయంత్రమే నిశాగంధిలో. శబరి ఎక్స్‌ప్రెస్ తిరువనంతపురంలో పొద్దున్నే బయల్దేరుతుంది, అందుకని మర్నాటికి తీసుకుంటే సరిపోతుంది. రాత్రే సామాను సర్దుకుంటే తంపానూరు లాడ్జి నుంచి ప్లాట్‌ఫారానికి నడిచి వెళ్ళిపోవచ్చు.