మంచి చేతికే సంకెళ్ళు

పక్షవాతం వచ్చాక నాన్న అన్నీ ఎడమచేత్తోనే కానిచ్చేవారు. కుడిచెయ్యి ఒళ్ళో పడి ఉండేది. ఫిజియోథెరపిస్ట్ గారు వచ్చి, ఆ బాగున్న ఎడమచేతికే మందపాటి గ్లవ్ తొడిగేశారు! "ఉన్న చెయ్యి కూడా లాక్కుంటారా" అని అమ్మకి ఒకటే కోపం.

సంగతేంటంటే, స్ట్రోక్‌లో చచ్చిపోయిన మెదడు కణాలు తిరిగి రావు. చుట్టుపక్కల బతికున్నవి కొంత పని అందుకోగలవు, అదీ పని చెబితేనే. చెప్పకపోతే మెదడు ఆ పడిపోయిన చేతిని లెక్కలోంచి తీసేస్తుంది. అందుకే మంచి చేతిని ఆపి, పడిపోయిన చేత్తోనే పని చేయిస్తారు. ఎడ్వర్డ్ టౌబ్ అనే అమెరికన్ శాస్త్రవేత్త దీన్ని మొదట కోతుల్లో గమనించి, ఈ వైద్యానికి దారి వేశారు. 2000లో అచ్చయిన ఓ పరిశోధనలో, ఎప్పుడో స్ట్రోక్ వచ్చినవాళ్ళకి 12 రోజులు ఇలా చేయిస్తే, మెదడులో ఆ చేతిని కదిలించే ప్రాంతం దాదాపు రెట్టింపైందట. నాకైతే ఒళ్ళు జలదరించింది.

నాన్నకి మాత్రం చిరాకే. కుడిచేత్తో శనగలు ఒక్కోటీ ఏరి గిన్నెలో వెయ్యాలి. సగం నేలమీదే. ఈమధ్య చొక్కా గుండీలు తనే పెట్టుకుంటున్నారు, కాలర్ దగ్గరది తప్ప.

ఇది అందరికీ పనికిరాదు, వేళ్ళలో కాస్తయినా కదలిక ఉండాలి. డాక్టర్ని అడక్కుండా ఎవరి చెయ్యీ కట్టేయకండి.