వాకింగ్ పాటలంటే నడక పాటలు కాదట!

గ్లాస్గో వచ్చి రెండేళ్ళయినా నాకు స్కాట్లాండ్ సంగీతమంటే రోడ్డు పక్కన కిల్టు కట్టుకుని బ్యాగ్‌పైప్ ఊదే ఆయనే. మొన్న లూయిస్ దీవికి వెళ్ళినప్పుడు ఒక హాలు దగ్గర 'గాలిక్ వాకింగ్ పాటలు' అని బోర్డు చూసి, నడుస్తూ పాడతారేమో అనుకుని లోపలికి పోయాను 😄 (గాలిక్ అంటే స్కాట్లాండ్ పాత భాష. గేలిక్ కాదు, ఇక్కడివాళ్ళు గాలిక్ అంటారు.)

తీరా చూస్తే పొడుగాటి బల్ల, దాని చుట్టూ ఆడవాళ్ళు, మధ్యలో తడిపిన ఉన్ని గుడ్డ. పూర్వం మగ్గం మీంచి దిగిన ట్వీడ్ చిక్కబడి మెత్తబడడానికి గంటల తరబడి ఇలాగే బాదేవాళ్ళట, అది కూడా నిలవబెట్టిన మూత్రంలో నానబెట్టి! ఆ బాదడాన్నే వాకింగ్ (waulking) అంటారట, నడక (walking) కాదు. మాకు మాత్రం ఉత్త సబ్బు నీళ్ళే, బతికిపోయాం. ఒకావిడ చరణం అందుకుంటే మిగతావాళ్ళంతా 'హీ రీ, హో రో' అని అర్థం లేని పల్లవి కలుపుతారు, ఆ దెబ్బల తాళంతోనే గుడ్డ సూర్యుడు తిరిగే దిక్కుగా చేతులు మారుతూ ఉంటుంది.

వెంటనే అమ్మమ్మ ఊళ్ళో నాట్లు వేసేవాళ్ళు గుర్తొచ్చారు.

మిల్లులొచ్చాక ఆ పని పోయింది. ఎడిన్‌బరోలో 1951లో పెట్టిన స్కూల్ ఆఫ్ స్కాటిష్ స్టడీస్ వాళ్ళు ఊరూరా తిరిగి ముసలివాళ్ళ దగ్గర రికార్డు చేసుకున్నారు కాబట్టి పాటలు మిగిలాయి, చాలావరకు 'తోబర్ అన్ దువల్‌ఖిష్' (Tobar an Dualchais) సైటులో ఉచితంగా వినొచ్చు. నేనైతే రోజూ వంటింట్లో అవే పెడుతున్నా, చపాతీ పిండి పిసకడానికి భలే కుదిరాయి.