మోగరుల గుహలో హుద్‌హుద్ ఎలా మోగేదంటే

కొన్నాళ్ళుగా ఖాళీ దొరికినప్పుడల్లా ఒక జాతిని ఊహించుకుంటూ నోట్‌బుక్‌లో రాసుకుంటున్నా, పేరు మోగరులు. వీళ్ళకి రాత లేదు, బొమ్మలు గీయరు, రాళ్ళ మీద చెక్కరు. గుర్తుండాల్సింది ఏదైనా సరే శబ్దంగా మార్చేసి ఒక పెద్ద గుహలో తిప్పుతూ ఉంటారు, పగలూ రాత్రీ వంతులేసుకుని, ఆపకుండా. మన బొర్రా గుహలు చూసినవాళ్ళకి లోపల గొంతు ఎలా మారిపోతుందో తెలుసు కదా, అంతకంటే చాలా పొడవైన గుహ అనుకోండి. ఎదురుగోడ 170 మీటర్ల దూరంలో ఉంటే పాట వెళ్ళి తిరిగి రావడానికి సుమారు ఒక సెకను పడుతుంది, అలా వచ్చినదాన్ని ఇవతల నిలబడ్డవాళ్ళు అందుకుని, అరిగిపోయిన చోట సరిచేసి, మళ్ళీ గోడ మీదకి పంపిస్తారు.

ఇదంతా ఉత్త ఊహ అనుకోకండి, మొదట్లో వచ్చిన కంప్యూటర్లు కొన్ని నిజంగానే ఇలా పనిచేశాయి. 1949లో కేంబ్రిడ్జ్‌లో నడిచిన ఎడ్‌శాక్ అనే కంప్యూటర్‌లో మెమరీ అంటే పాదరసం నింపిన గొట్టాలు, ఒక్కోటి మీటరున్నర పొడవు. ఒక చివర క్వార్ట్జ్ ముక్క కరెంటు పల్సుని శబ్దంగా మార్చి పాదరసంలోకి వదుల్తుంది, రెండో చివర ఇంకో ముక్క దాన్ని మళ్ళీ కరెంటు చేస్తుంది, సర్క్యూట్ దాన్ని శుభ్రం చేసి మొదటికి పంపిస్తుంది, అలా తిరుగుతున్నంతసేపే గుర్తుంటుంది, కరెంటు పోతే అంతా పోయినట్టే. ఇంకోటి, వేడి మారితే శబ్దం వేగం మారి లెక్క తప్పుతుంది, అందుకని గొట్టాల వేడి మారకుండా చూసుకోవాల్సి వచ్చేది. మోగరులు గుహలోకి ఎందుకు వెళ్ళారన్నదానికి నాకు జవాబు ఇక్కడే దొరికింది. ముందు సముద్రం ఒడ్డున కొండ అంచుకి ఎదురుగా పాడేవాళ్ళు, కానీ మే నెల మధ్యాహ్నం ప్రతిధ్వని డిసెంబరు తెల్లవారుజాము కంటే ముందే వచ్చేసేది, ఒకేసారి పాడే పాటల పొరలు ఒకదాని మీద ఒకటి జారిపోయేవి. లోతైన గుహలో ఎండాకాలమైనా చలికాలమైనా దాదాపు ఒకటే వేడి.

పొరల సంగతి చెప్పాలి, నాకు అన్నిటికంటే ఇష్టమైనది అదే. అడుగున బొంగురు గొంతులు, అది చోటు: కొండలు, నీళ్ళు, దారులు. దానిమీద మనుషులు, పుట్టినవాళ్ళు పోయినవాళ్ళు. ఆపైన జరిగిన సంగతులు. ఒక్కో కుటుంబానికి ఒక్కో పొర, మొత్తం ఎవరికీ రాదు. మరి తప్పు దొర్లితే? వేదం చెప్పుకునేవాళ్ళు ఘన అనే వల్లెవేసే పద్ధతిలో ఒకటి రెండు, రెండు ఒకటి, ఒకటి రెండు మూడు, మూడు రెండు ఒకటి, ఒకటి రెండు మూడు అని మాటల్ని వెనక్కీ ముందుకీ తిప్పి చెప్తారు, ఎక్కడ ఒక్క అక్షరం తేడా వచ్చినా బయటపడిపోతుంది. మోగరులు ఆ పని నిలువునా చేస్తారు, ప్రతి మూడో తాళం దెబ్బకీ పై పొర కింది పొరతో కలవాలి, కలవకపోతే చెవికి గుచ్చుకుంటుంది. ఒక కుటుంబం మొత్తం పోయినా పక్కవాళ్ళ పొరల్ని బట్టి పోయింది ఏమిటో చాలావరకు మళ్ళీ అల్లుకోవచ్చు.

ఇప్పుడు మన విశాఖని కొట్టిన హుద్‌హుద్ తుఫాను. 2014 అక్టోబర్ 12, గంటకి 180 కిలోమీటర్ల దాకా గాలి. ఆ రోజు ఫోన్లలో తీసుకున్న వీడియోలు ఇప్పుడు పెట్టి వినండి, ఒకటే హోరు, గాలి, రేకులు, పక్కింటివాళ్ళ కేకలు అన్నీ ఒకే ముద్ద, ఏదీ విడిగా దొరకదు. మోగరులైతే అడుగున బీచ్ రోడ్డునీ కైలాసగిరినీ పట్టుకుంటారు, మధ్యలో వీధివీధికీ మనుషుల పేర్లు, పైన గాలి. తుఫాను కన్ను ఊరి మీదకొచ్చి కాసేపు గాలి ఆగి, ఆ తర్వాత ఇంకో దిక్కు నుంచి కొట్టింది కదా, అక్కడ పై పొర పూర్తిగా ఆగిపోతుంది, కింద చోటూ మనుషుల పేర్లూ మాత్రం నడుస్తూనే ఉంటాయి, ఆ తర్వాత గాలి రాగం తిరగబడి వస్తుంది. అంటే వాళ్ళు ఆ నిశ్శబ్దాన్ని కూడా దాచుకోగలరు. ఇది రాసుకున్న రోజు నాకు నిద్ర పట్టలేదు నిజంగా.

ఒక చిక్కు చాలా రోజులు వేధించింది, ఎవడైనా అబద్ధం పాడితే? తీసేయడం కుదరదు, దాని మీద ఆనుకుని వేరే పొరలున్నాయి. అందుకని దిద్దే పొర ఒకటి పెట్టా, అబద్ధం అలాగే ఉంటుంది, దాని పైన "ఇది ఇలా జరగలేదు" అనే గొంతు ఎప్పటికీ మోగుతూ ఉంటుంది, ఆ గొంతు పాడాల్సింది అబద్ధం చెప్పినవాడి పిల్లలే. కఠినమే, కానీ ఇంతకంటే న్యాయమైనది నాకు తట్టలేదు.

ఇదంతా విని మా ఫ్రెండ్ ఒకడు, ఎప్పటికైనా వాళ్ళు రాత కనిపెట్టేస్తారు కదరా, అప్పుడు గుహ మూసేస్తారు అన్నాడు. కనిపెడతారు, ఒప్పుకుంటా. పొలం కొలతలు, అప్పులు, ఉప్పు లెక్కలు రాసుకుంటారు. మనుషుల పొర మాత్రం రాతలోకి దించరు, ఎందుకంటే రాసి పెట్టేస్తే ఆ పేరుని రోజూ ఎవరో ఒకరు నోటితో పలకాల్సిన పని ఉండదు.