స్టుట్‌గార్ట్ నుంచి లైప్‌జిగ్‌కు: బధిరుల భత్యం కోసం నా అనుభవం

స్టుట్‌గార్ట్ నుంచి లైప్‌జిగ్‌కు మారాక పెట్టుకున్న బధిరుల భత్యం (రాష్ట్రం నెలనెలా ఇచ్చే డబ్బు) మంజూరు కాగితం నిన్న వచ్చింది. కోపం చల్లారకముందే రాసేస్తున్నా, జర్మనీలో ఉన్న మన బధిరులకు పనికొస్తుంది.

1990లో దేశం కలిసింది. పడమర 1950లోనే, తూర్పున 1957లో విడివిడిగా పుట్టిన బధిర సంఘాలూ ఒకటయ్యాయి. భత్యం మాత్రం కలవలేదు. పాత తూర్పు రాష్ట్రాల్లో మెక్లెన్‌బుర్గ్ తప్ప అన్నీ ఇస్తాయి, బెర్లిన్ కూడా ఇస్తుంది. పడమరన హెస్సె, నార్త్ రైన్-వెస్ట్‌ఫాలియా ఇస్తాయి. స్టుట్‌గార్ట్‌లో సున్నా.

వైకల్య కార్డు సులువు. దేశమంతా చెల్లుతుంది, మళ్లీ తీసుకోనక్కర్లేదు. అయితే లైప్‌జిగ్ ఉన్న సాక్సనీ రాష్ట్రంలో కార్డుమీద బధిరుల గుర్తు ఉంటే చాలదు, వైకల్య స్థాయి 100 ఉండాలి. మాట కూడా దెబ్బతిని, వినికిడి ఏడేళ్లలోపే పోయినవాళ్లకు 100. తర్వాత పోయినవాళ్లకు మామూలుగా 80, 90 దగ్గరే ఆపేస్తారు. కాబట్టి చిన్నప్పటి రుజువు కావాలి. మన సదరం సర్టిఫికెట్‌లోని శాతం ఇక్కడ లెక్కలోకి రాదు. ఆసుపత్రి పాత కాగితం, బధిరుల బడి టీసీ గుర్తింపు పొందిన అనువాదకుడితో జర్మన్‌లోకి మార్పించి పెట్టండి.

అసలు నరకం కౌంటర్ దగ్గర. "వినపడేవాళ్లను వెంటబెట్టుకు రండి" అని చీటీ రాసిచ్చారు. మా అమ్మాయి వస్తే, ఆ ఉద్యోగి అర్జీ పెట్టిన నన్ను వదిలేసి దాని మొహమే చూసి మాట్లాడాడు. నా వైద్యం, నా డబ్బు, అన్నీ పిల్లనడిగి! సంజ్ఞా భాష ఇంటర్‌ప్రెటర్ కోర్టులకే అన్నాడు. పచ్చి అబద్ధం. జర్మనీ సామాజిక చట్టం పదో పుస్తకం, 19వ సెక్షన్ చదవండి: ఆఫీసు పనిలో సంజ్ఞా భాష వాడుకోవడం మన హక్కు, ఖర్చు ఆఫీసుదే. ఆ సెక్షన్ రాసి ఇచ్చాక ఆ ఉద్యోగి తీరు మారింది. నిద్రలో లేపి అడిగినా ఇప్పుడు ఆ సెక్షన్ నేను చెప్పగలను. నోటితో అడగొద్దు, దరఖాస్తుతోపాటే రాతలో అడగండి. ఇంటర్‌ప్రెటర్లు తక్కువ, వారాలు పడుతుంది. పని గంట దాటేలా ఉంటే ఇద్దర్ని అడగండి. అలసిన చేతులు తప్పులు చేస్తాయి.

లైప్‌జిగ్ పెద్దవాళ్ల సంజ్ఞలు, స్టుట్‌గార్ట్‌లో నేర్చుకున్నవి కొన్ని కలవవు. అందుకే అపాయింట్‌మెంట్ తేదీ, నెల అంకెల్లో రాయించుకోండి.

కాగితాలన్నీ దొరికేదాకా ఆగకుండా దరఖాస్తు ముందే పడేయండి, ఆ నెల నుంచే డబ్బు లెక్క. భత్యం లేని రాష్ట్రానికి మారితే వెంటనే చెప్పండి, లేకపోతే ఇచ్చింది వెనక్కి లాగుతారు.