క్లావే చెవికెక్కేదాకా: లాటిన్ జాజ్ సెషన్లలో నా అనుభవం

నిన్న రాత్రి పదకొండున్నరకి ఇల్లు చేరాను. అరచేతులు ఇంకా మండుతున్నాయి. వేళ్లకి చుట్టిన తెల్ల టేపు తీసేసినా జిగురు వదల్లేదు. మూడు గంటల రికార్డింగ్ సెషన్, నాలుగు పాటలు. కాంగాలు (చేతులతో వాయించే పొడవాటి క్యూబా డ్రమ్ములు) నావే, వాయించిందీ నేనే. ఈ రెండో ముక్క ఎందుకు రాశానో చదువుతుంటే మీకే అర్థమవుతుంది. ఈ మధ్య మన కుర్రాళ్లు ముగ్గురు నలుగురు "అన్నా, మాకు మృదంగం వచ్చు, న్యూయార్క్‌లో లాటిన్ జాజ్ వాయించాలంటే ఏం చెయ్యాలి?" అని అడుగుతున్నారు. అందరికీ కలిపి ఇక్కడే చెప్పేస్తున్నాను. లాటిన్ జాజ్ అంటే క్యూబా లాంటి చోట్ల లయల మీద నడిచే జాజ్. ఆ పాటల్ని నడిపించే ఐదు దెబ్బల లయే క్లావే.

నాది విజయవాడ. గురువుగారి దగ్గర తొమ్మిదేళ్లు మృదంగం నేర్చుకున్నాను. 2009లో ఎమ్మెస్ చదవడానికి న్యూజెర్సీ వచ్చాను, ఉద్యోగం కూడా ఇక్కడే దొరికింది. 2011 వేసవిలో ఒక ఆదివారం ఈస్ట్ హార్లెమ్‌లో తిరుగుతుంటే, లాటిన్ సంగీతంలో పెద్ద పేరున్న టిటో పుయెంతే పేరు పెట్టిన 110వ వీధికి దగ్గర్లో నలుగురు పెద్దవాళ్లు కుర్చీలు వేసుకుని కాంగాలు వాయిస్తున్నారు. రెండు గంటలు అక్కడి నుంచి కదల్లేకపోయాను. తర్వాతి నెల జీతంలో రెండు డ్రమ్ములు కొన్నాను: 11¾ అంగుళాల కాంగా, 12½ అంగుళాల టుంబా, అంటే ఇంకా మంద్రంగా మోగే పెద్ద కాంగా.

చెయ్యి మార్చుకోవడానికి ఏడాది పైనే పట్టింది. మృదంగంలో పని ఎక్కువగా వేళ్లది. కాంగా మీద అరచేతి బరువు పడాలి. వేళ్ల వేగంతో మోత వస్తుంది గాని ఓపెన్ టోన్, అంటే నిండుగా మోగే దెబ్బ, రాదు. స్లాప్, అంటే ఫట్‌మనే దెబ్బ, సరిగ్గా పలికేసరికి రెండో చలికాలం వచ్చింది. కష్టమే గాని అది చేతి కష్టం, సాధన చేస్తే పోతుంది.

వీసా సంగతి చాలామంది దాచిపెడతారు, నేను చెబుతాను. హెచ్-1బి మీద ఉన్నవాళ్లు బయట సంగీతం వాయించి డబ్బు తీసుకోకూడదు. దాదాపు పదేళ్లు ఊరికే వాయించాను. ఒకసారి ఒక బ్యాండ్ నాయకుడు కవర్లో వంద డాలర్లు పెట్టి ఇస్తే వద్దన్నాను. పొగరు అనుకుని ఆయన మళ్లీ పిలవలేదు. "క్యాషే కదా, ఏం కాదు, తీసుకో" అనే స్నేహితులు మీకూ ఉంటారు. వాళ్ల మాట వినకండి. తేడా వస్తే ఊరెళ్లిపోవాల్సింది మీరు, వాళ్లు కాదు. 2020 అక్టోబరు వీసా బులెటిన్‌లో (గ్రీన్‌కార్డు క్యూ ఎక్కడిదాకా వచ్చిందో నెలనెలా చెప్పేది) ఇండియా ఈబీ-3 (ఉద్యోగం మీద వచ్చే గ్రీన్‌కార్డుల్లో ఒక వర్గం) దరఖాస్తు తేదీ 2015 జనవరికి జరిగింది. అప్పుడే ఐ-485, అంటే గ్రీన్‌కార్డు దరఖాస్తు, వేశాను. కంపెనీ లాయరు ఒక్క ఈమెయిలుకి జవాబివ్వడానికి మూడు వారాలు తీసుకున్నాడు. మరుసటి ఏడాది వేసవిలో ఈఏడీ కార్డు, అంటే బయట కూడా పని చేసి డబ్బు తీసుకోవచ్చనే అనుమతి, చేతికొచ్చింది. మ్యూజిషియన్స్ యూనియన్ లోకల్ 802లో చేరడం అయితే ఒక ఫారం, ఒక ఫీజు, అంతే.

ఇక అసలు సంగతి.

2022 ఫిబ్రవరిలో బ్రూక్లిన్‌లో ఒక బేస్‌మెంట్ స్టూడియోలో నా మొదటి సెషన్. ఒక జామ్‌లో నా వాయింపు విన్న పియానో ఆయనే నాయకుడు. ఫోన్లో నేనే గొప్పగా చెప్పుకున్నాను, ఐదు, ఏడు, తొమ్మిది, ఏ లెక్కైనా వాయిస్తానని. పియానో, బేస్, ట్రంపెట్, టింబాలెస్ (పుల్లలతో వాయించే జంట డ్రమ్ములు), నేను. అందరం ఒకే గదిలో. నా ముందు పెట్టిన నొటేషన్ కాగితం పైన పెన్సిలుతో "2-3" అని రాసి చుట్టూ గీత గీసి ఉంది.

ఆ 2-3 అంటే ఏమిటో మనవాళ్లకి అర్థమయ్యేలా చెబుతాను. క్లావే అంటే ఐదు దెబ్బలు. ఆది తాళంలా ఎనిమిది లెక్క వేసుకోండి. ఒకటి మీద ఒక దెబ్బ, రెండు దాటాక సగంలో ఒకటి, నాలుగు మీద ఒకటి. ఇది మూడు దెబ్బల వైపు. తర్వాత ఆరు మీద, ఏడు మీద. ఇది రెండు దెబ్బల వైపు. పాట మూడు వైపు నుంచి మొదలైతే 3-2, రెండు వైపు నుంచి మొదలైతే 2-3. పాటలో ప్రతి వాయిద్యం ఈ ఐదు దెబ్బలకి లోబడే నడవాలి, ఎవరూ క్లావే కొట్టకపోయినా సరే. ఒకసారి మొదలైన క్లావే ఆగదు, వెనక్కి తిరగదు. మధ్యలో ఏడు బార్ల (బార్ అంటే నాలుగు లెక్కలు) వాక్యం వచ్చిందంటే పాటే దాని మీద రెండో వైపుకి తిరుగుతుంది గాని, క్లావే తన దారిన తాను పోతూనే ఉంటుంది.

కాగితం మీద ఇదంతా నాకు తెలుసు. లెక్కలో నన్ను ఎవరూ పట్టుకోలేరని నమ్మకం.

మొదటి టేక్, అంటే రికార్డింగులో మొదటి ప్రయత్నం, అర నిమిషంలో ఆగిపోయింది. నాయకుడు హెడ్‌ఫోన్స్‌లో "క్లావే" అన్నాడు. ఎవరికో చెబుతున్నాడనుకున్నాను. రెండో టేక్‌లో ఏడు బార్ల వాక్యం దాటాం. కొత్త భాగం మొదలైంది కదా అని నేను మళ్లీ రెండు వైపు నుంచి ఎత్తుకున్నాను. మూడు వైపున మోగాల్సిన టుంబా రెండు వైపున మోగుతోంది. నాకు తెలియలేదు. గదిలో ఉన్న నలుగురికీ తెలిసింది. టింబాలెస్ ఆయన నన్ను దారిలో పెడదామని పుల్లతో డ్రమ్ము అంచు మీద క్లావే కొడుతూ నా వైపే చూస్తున్నాడు. నన్ను మెచ్చుకుంటున్నాడనుకుని ఇంకా గట్టిగా వాయించాను. మూడో టేక్‌లో ఖండగతిలో (లెక్కకి ఐదు చొప్పున) ముక్తాయి, అంటే ముగింపు జతి, వేసి సరిగ్గా సమం (తాళంలో మొదటి దెబ్బ) మీద రెండు డ్రమ్ములూ కలిపి కొట్టాను. లెక్క వెంట్రుకవాసి తప్పలేదు. బేస్ ఆయన తీగల మీద నుంచి చెయ్యి తీసేశాడు.

"క్రుసాడో" అన్నాడు ఎవరో. అంటే క్లావేకి అడ్డం పడ్డావని. తెలుగులో చెప్పాలంటే, ఊరేగింపుకి ఎదురు నడుస్తున్నావని.

ఐదో టేక్ ఆగాక నాయకుడు లేచి నా దగ్గరికొచ్చాడు. కోప్పడి ఉంటే బాగుండేది. భుజం మీద చెయ్యి వేసి, "కాసేపు నీళ్లు తాగు" అన్నాడు. గాజు అద్దం అవతల నుంచి ఇంజినీరు "తర్వాత ఎడిట్ చేద్దామా?" అని అడిగాడు. "కాంగా చప్పుడు అన్ని మైకుల్లోనూ ఉంది, జరపలేం" అని నాయకుడు నా ముందే ఫోన్ తీసి ఎవరికో చేశాడు. వాళ్లు స్పానిష్‌లో మాట్లాడుకున్నది నాకు అర్థం కాలేదు గాని, గదిలో ఒక్కరు కూడా నా ముఖంలోకి చూడలేదు. తల కొట్టేసినట్టయింది.

నలభై నిమిషాల తర్వాత బ్రాంక్స్ నుంచి ఒక పెద్దాయన వచ్చాడు. అరవై దాటి ఉంటాయి, పని బూట్లతోనే వచ్చేశాడు. డ్రమ్ములు తెచ్చుకోలేదు. "ఇవి నీవేనా? వాయించొచ్చా?" అని అడిగాడు. గొంతులో వెలక్కాయ పడ్డట్టయింది. తలూపాను. జేబులోంచి తాళం లాంటి పానా తీసి, టుంబా బోల్టులు ఒక్కొక్కటీ పావు తిప్పు వదులు చేసి, శ్రుతి కిందికి దించాడు. పాట ఒక్కసారి విన్నాడు, కళ్లు మూసుకుని తొడ మీద తడుతూ. తర్వాత వాయించాడు. మొదటి టేక్ ఓకే.

నేను కాంగాల సంచీ మీద కూర్చుని విన్నాను. ఆ డ్రమ్ములు పదేళ్లకి పైగా నా ఇంట్లో ఉన్నాయి. వాటికి అలాంటి గొంతు ఉందని నాకు తెలియదు. ఆయన గొప్పగా ఏమీ వాయించలేదు, అదే నన్ను ఎక్కువగా బాధించింది. అరచేతి మడమ, వేళ్లు, స్లాప్, వేళ్లు, మడమ, వేళ్లు, ఓపెన్, ఓపెన్. నాలుగు నిమిషాలు అదే. పాట మాత్రం నడుస్తోంది. మా గురువుగారు చెప్పేవారు, "ఒరేయ్, తీర్మానాలు ఎవడైనా బట్టీ పడతాడు, సర్వలఘు నిలబెట్టేవాడే మృదంగగాడు" అని. తీర్మానాలంటే ముగింపు లెక్కలు, సర్వలఘు అంటే సాదా నడక. ఆ మాట ఇరవయ్యేళ్ల తర్వాత బ్రూక్లిన్ బేస్‌మెంట్లో అర్థమైంది.

నాయకుడు నాకు పూర్తి డబ్బు ఇచ్చాడు. తీసుకోవడానికి ముఖం చెల్లలేదు, తీసుకోకపోవడానికీ చెల్లలేదు. పెద్దాయన టుంబా భుజాన వేసుకుని మెట్లెక్కి నా కారుదాకా వచ్చాడు. "నీకు లెక్క చాలా బాగా వచ్చు. ఇక లెక్కపెట్టడం ఆపు" అని ఫోన్ నంబరు ఇచ్చాడు. ఇంటికెళితే మా ఆవిడ "ఎలా జరిగిందండీ?" అంది. "బాగానే" అన్నాను. ఆ అబద్ధం ఇన్నాళ్లూ గుచ్చుతూనే ఉంది. ఇవాళ ఇది రాసే ముందే తనకి నిజం చెప్పాను.

రెండు వారాలు డ్రమ్ముల గుడ్డ తియ్యలేదు. మూడో వారం ఆయనకి ఫోన్ చేశాను.

మొదటి నాలుగు నెలలు డ్రమ్ము ముట్టనివ్వలేదు. రెండు క్లావే కర్రలు చేతికిచ్చి, అవి కొడుతూ కోరో, అంటే పాటలో అందరూ కలిసి పాడే పల్లవి, పాడమనేవాడు. తర్వాత అడుగులు వేస్తూ పాడమనేవాడు. పాత రికార్డు మధ్యలోంచి పెట్టి, "ఏ వైపు?" అని అడిగేవాడు. తప్పు చెబితే ఆ రోజు క్లాసు అంతే, మళ్లీ రైలెక్కి రావడమే. మూడుసార్లు అలా వెనక్కి వచ్చాను. నాకు అడ్డం పడుతున్నది సమం అని అక్కడే తెలిసింది. మనం ఎంత దూరం వెళ్లినా సమం మీద కలుసుకుంటాం. వీళ్ల బేస్ తర్వాతి బార్‌లో ఒకటి కంటే ముందే, ఈ బార్‌లో నాలుగు మీదే తర్వాతి స్వరం పట్టుకుంటుంది. కాంగా ఓపెన్ టోన్లు పడేదీ నాలుగు మీదే. ఒకటి మీద అందరూ గాల్లో ఉంటారు. నేనొక్కణ్ని అక్కడ నేలకేసి కొట్టేవాణ్ని.

ఆయన ఇంట్లో వాళ్ల నాన్న వాయించిన పాత కాంగా ఉంది, తోలు మేకులతో కొట్టినది. బోల్టులు రాకముందు దాన్ని సెగ చూపించి శ్రుతి చేసేవారట. మా ఊళ్లో డప్పులు మంట మీద కాచినట్టే అని చెబితే ఎంత సంబరపడ్డాడో! డప్పు వీడియోలు అడిగి మరీ చూశాడు.

వినమని ఇచ్చిన వాటిలో మొదటిది జాజ్ గిటారిస్టు కెన్నీ బరెల్ 1963 ఆల్బమ్ 'మిడ్‌నైట్ బ్లూ'. అందులో కాంగాలు వాయించింది రే బరెట్టో. రికార్డు చేసిన స్టూడియో మా ఇంటికి దగ్గర్లోనే, ఎంగిల్‌వుడ్ క్లిఫ్స్‌లో. మొదటిసారి విని "ఈయన ఏం వాయించాడని?" అనుకున్నాను. ఏడాది తర్వాత విన్నప్పుడు, ఆయన చెయ్యి ఆపితే ఆ పాటలు కూలబడతాయని తెలిసింది. రెడ్ గార్లండ్, లూ డొనాల్డ్‌సన్ లాంటి జాజ్‌వాళ్లు 1950ల చివర్లో ఆయన్ని రికార్డింగులకి పిలుచుకున్నారంటే అందుకే. అలాంటిది 2011లో గ్రామీ అవార్డుల వాళ్లు లాటిన్ జాజ్ విభాగాన్నే తీసేస్తే, డ్రమ్మర్ బాబీ సనాబ్రియా లాంటివాళ్లు కోర్టుదాకా వెళ్లారు. మరుసటి ఏడాది దాన్ని మళ్లీ పెట్టారు. అది తలచుకుంటే మా పెద్దాయనకి ఇప్పటికీ కోపం వస్తుంది. నాకూ వస్తుంది.

క్లావే నాకు చెవికెక్కింది జార్జ్ వాషింగ్టన్ బ్రిడ్జి మీద ట్రాఫిక్‌లో. రేడియోలో పాట వస్తోంది, వేలు స్టీరింగ్ మీద క్లావే కొడుతోంది. పాట తిరిగింది. వేలు తిరగలేదు, తన దారిన తాను పోయింది. గొంతు పూడుకుపోయింది. అవతలి ఒడ్డు చేరేదాకా వేలు ఆపలేదు.

అడిగారు కాబట్టి సలహాలు. ఖరీదైన డ్రమ్ములతో మొదలుపెట్టకండి. నొటేషన్ చదవడం నేర్చుకోండి, లేకపోతే సెషన్లకి పిలవరు. గుయిరో, మరకాస్, షేకర్ లాంటి చేతి వాయిద్యాలు చిన్నవని తీసిపారేయకండి, నాకు వచ్చిన పిలుపుల్లో సగం వాటికే. గడియారం, ఉంగరాలు ఇంట్లోనే వదిలెయ్యండి, మైకు అన్నీ వింటుంది. ఊరికే వాయించమనే తెలుగు సంఘాలకి మర్యాదగా వద్దని చెప్పండి. ఒకచోట నాతో మూడు గంటలు వాయించుకుని, భోజనాల దగ్గర టోకెన్ ఏదని అడిగారు. కేటరర్‌కి ఇచ్చిన విలువ కళాకారుడికి ఇవ్వలేని చోట మన చేతులు అరగదీసుకోవడం తప్పు.

ఈ మూడేళ్లలో పద్నాలుగు ట్రాకుల మీద నా చేతులు పడ్డాయి. గర్వంగానే చెబుతున్నాను. చాలావరకు సబ్‌గానే, అంటే ఎవరైనా రాలేనప్పుడు వాళ్ల బదులు.

నిన్నా అంతే. పెద్దాయనకి వేరే కచేరీ ఉండి నన్ను పంపాడు. అదే బేస్‌మెంట్, అదే నాయకుడు. గుమ్మంలో నన్ను చూసి ఒక్క క్షణం ఆగి, "ఆయన పంపాడా?" అన్నాడు. అవునన్నాను. కాంగాలు పెట్టే చోటు చూపించాడు.

మూడో పాటలో మళ్లీ ఏడు బార్ల వాక్యం. కాగితంలో అది కనిపించగానే కడుపులో తిప్పింది. టేక్ మొదలయ్యాక మాత్రం లెక్క గుర్తులేదు, లోపల కోరో పాడుకుంటూ ఉన్నాను. పాట తిరిగింది. టుంబా మూడు వైపునే మోగింది. బేస్ ఆయన చెయ్యి తీగల మీదే ఉంది. రెండో టేక్ ఉంచేశారు. నాయకుడు నా వైపు చూడను కూడా చూడలేదు, కాగితం తిప్పి తర్వాతి పాటకి వెళ్లిపోయాడు.

కారులో డ్రమ్ములు సర్దాక పెద్దాయనకి మెసేజ్ పెట్టాను, అయిపోయిందని. నిమిషంలో జవాబొచ్చింది: "టుంబా శ్రుతి దించావా?"

దించాను. పావు తిప్పు.