మా సరుగుడు చెట్టుకు లైట్లు – నా అనుభవం

ఒంగోల్లో మా ఇంటి క్రిస్మస్ చెట్టు ప్లాస్టిక్‌ది కాదు, కొత్తపట్నం వైపు నుంచి తెచ్చుకునే సరుగుడు కొమ్మ. బకెట్ నిండా ఇసుక పోసి నిలబెడతాం, రోజూ నీళ్లు పోస్తాం. అయినా కొత్త సంవత్సరం వచ్చేసరికి ఆకు ఎండిపోతుంది. ఎండిన సరుగుడు ఎంత తొందరగా అంటుకుంటుందో పొయ్యి రాజేసిన వాళ్లకు తెలుసు. పైన ఎండాకు, కింద తడి ఇసుక, చుట్టూ పిల్లలు. అందుకే ఈసారి రంగుల కంటే ముందు వేడి, వోల్టేజీ చూశాను.

ఇంట్లో మామయ్య ఎప్పుడో కొన్న సీరియల్ సెట్ ఉంది. ఆరేసి వోల్టుల బుల్లి బల్బులు నలభై దాకా ఒకే వరసలో ఉండి, 230 వోల్టులను పంచుకుంటాయి. ఒకటి పోతే వరసంతా ఆరిపోతుంది. ఆ పాత సెట్టంటే నాకూ ఇష్టమే. కానీ బల్బులు వేడెక్కుతాయి, తీగ పైతొడుగు పగుళ్లిచ్చింది. దాన్ని పక్కన పెట్టేశాం.

ట్రంకు రోడ్డులో అన్నీ ఎల్ఈడీలే. "అక్కా, ఇవి చవక, బాగా పోతున్నాయి" అంటూ కొట్టాయన ఇచ్చిన సెట్‌కు ప్లగ్గు తప్ప ఏమీ లేదు. అంటే ఆ సన్నటి తీగలో పారేది నేరుగా ఇంటి కరెంటే. ఎల్ఈడీ గనక పెద్దగా వేడెక్కదు, నిజమే. తీగ ఎక్కడన్నా గీసుకుపోతే మాత్రం షాకు కొడుతుంది. "అడాప్టరు ఉన్నది చూపించన్నా" అన్నాను. ఆ అడాప్టరు కరెంటును 24 వోల్టులకు దించి తీగలోకి వదులుతుంది. ధర ఎక్కువే. తడి ఇసుక దగ్గర పెట్టేదానికి ఆ డబ్బు పెట్టి తీరాలి.

వెలిగించి చూపించమన్నాను. నీలం ఛాయ కొట్టే తెలుపు కళ్లకు గుచ్చుకుంది. పసుపు ఛాయ ఉన్న వామ్ వైట్, వెలుగు ఛాయ కొలతలో సుమారు 3000 కెల్విన్‌ది, పచ్చని ఆకు మధ్య ఎంత బాగుందో! చెట్టుకు కొవ్వొత్తులు పెట్టే రోజుల్లో, 1882లో, ఎడిసన్ సహచరుడు ఎడ్వర్డ్ జాన్సన్ న్యూయార్క్‌లో తన ఇంటి చెట్టుకు 80 విద్యుత్ బల్బులు కట్టాడు. అంతకు ముందటి ఆ కొవ్వొత్తుల వెలుగు ఈ వామ్ వైట్‌లో నాకు కనిపించింది.

కట్టే ముందు తీగంతా నేల మీద పరిచి వెలిగించి చూసుకున్నాను. పైపైన గిరగిరా చుట్టేస్తే చెట్టు లోపల చీకటిగా ఉంటుంది. కింద మాను దగ్గర మొదలుపెట్టి, రెమ్మ చివరిదాకా వెళ్లి, మళ్లీ మానుకు వచ్చి పైకెక్కించాను. సరుగుడు రెమ్మలు బరువుకు వంగిపోతాయి, అందుకని దారంతో అక్కడక్కడా వదులుగా కట్టాను. పిన్నులు గుచ్చలేదు. అడాప్టరు బకెట్‌కు దూరంగా, స్టూలు మీద పెట్టాం. నీళ్లు పోసేటప్పుడు స్విచ్చి ఆపాల్సిందే.

మిణికే రకాలు ఎనిమిది ఉన్నాయి. పిల్లలకు అవన్నీ కావాలి. "ప్రార్థనప్పుడు మాత్రం నిలకడగా వెలగనీయమ్మా" అంది అత్తమ్మ, అలాగే పెట్టాం. పడుకునే ముందు ఆపేసే పని పెద్దాడిది. ఆకు గోధుమరంగుకు తిరగ్గానే లైట్లు విప్పి, అట్టముక్కకు చుట్టి బీరువా పైన పెట్టేశాను.